సైకిల్ స్టాండు నుంచి మొదలైన నాటకం

అందరికీ నమస్కారం.

ఏప్రిల్ 12 అనగానే మన దేశంలో వీధి నాటకం వేసే ప్రతి జట్టుకూ నాటక రచయిత, నటుడు, దర్శకుడు సఫ్దర్ హష్మీ గుర్తొస్తారు. 1954లో ఇదే రోజున ఆయన ఢిల్లీలో పుట్టారు. అందుకే ఈ రోజును జాతీయ వీధి నాటక దినంగా జరుపుకుంటున్నాం. ఇలాంటి సభల్లో మనం ఎక్కువగా ఆయన మరణం గురించే మాట్లాడుకుంటాం. ఎలా చంపారో చాలామందికి తెలుసు, ఎలా పని చేశారో తెలిసినవాళ్లు తక్కువ. ఇక్కడున్న మీలో చాలామంది నాలుగు రోజుల్లో నాటకం వేయబోతున్నారు. మీకు పనికొచ్చేది ఆయన పనితీరు. కాబట్టి దాని గురించే ఎక్కువ చెబుతాను.

సఫ్దర్ బాల్యం కొంత అలీగఢ్‌లో, కొంత ఢిల్లీలో గడిచింది. డబ్బున్న కుటుంబం కాదు. తల్లి కమర్ ఆజాద్ హష్మీ టీచరు. సఫ్దర్ సెయింట్ స్టీఫెన్స్ కాలేజీలో ఇంగ్లీషు సాహిత్యం చదివారు. విద్యార్థి ఉద్యమంలో ఉంటూనే ఇప్టాలో, అంటే ఇండియన్ పీపుల్స్ థియేటర్ అసోసియేషన్‌లో చేరారు. 1973లో స్నేహితులతో కలిసి జన నాట్య మంచ్ పెట్టారు. ఆ పేరునే క్లుప్తంగా 'జనం' అంటారు. ఎమర్జెన్సీ కాలంలో నాటకాలకు వీలు లేక గఢ్వాల్‌లో, కశ్మీర్‌లో కాలేజీ పాఠాలు చెప్పారు. తర్వాత ఢిల్లీలో పశ్చిమ బెంగాల్ ప్రభుత్వ సమాచార అధికారిగా చేశారు. నాటకానికి పూర్తిగా సమయం ఇవ్వాలని ఆ ఉద్యోగం కూడా మానేశారు.

మొదట్లో 'జనం' జట్టు వేసినవి వీధి నాటకాలు కావు. స్టేజీ కట్టి, లైట్లు పెట్టి, మైకులతో వేల మంది ముందు వేసే పెద్ద నాటకాలు. ఎమర్జెన్సీ అయిపోయాక మళ్లీ యూనియన్ల దగ్గరికి వెళ్లి నాటకం వేస్తామన్నారు. యూనియన్ల చేతిలో డబ్బు లేదు. ఒక ప్రదర్శనకయ్యే ఖర్చు వాళ్లు మోయలేరు. యూనియన్లు పెద్ద నాటకాల్ని పిలవలేకపోతే మనమే చిన్న నాటకం పట్టుకుని వాళ్ల దగ్గరికి పోదాం అనుకున్నారు. ఖర్చు లేనిది, ఎక్కడికైనా మోసుకుపోగలిగేది, చూసినవాళ్లకు గట్టిగా తగిలేది కావాలి. అలా 1978లో 'మషీన్' తయారైంది.

ఈ నాటకం దగ్గర కాసేపు ఆగాలి. ఘాజియాబాద్‌లో హరిగ్ ఇండియా అని ఒక కార్ఖానా ఉండేది. అక్కడి కార్మికులు అడిగినవి రెండే రెండు. సైకిళ్లు పెట్టుకోవడానికి ఒక స్టాండు. టీ తాగడానికి, తెచ్చుకున్న తిండి వేడి చేసుకోవడానికి ఒక క్యాంటీన్. యాజమాన్యం ఒప్పుకోలేదు. కార్మికులు సమ్మె చేస్తే కాపలావాళ్లు కాల్పులు జరిపారు. ఆరుగురు చనిపోయారు.

ఈ సంఘటన మన చేతికొస్తే ఏం రాస్తాం? ఆరు శవాలు, ఏడుపులు, చివర్లో పిడికిళ్లు, నినాదాలు. సఫ్దర్, ఆయన మిత్రులు అలా మొదలుపెట్టలేదు. ఖాళీ నేల మీదికి నటులు ఒక్కొక్కరే వస్తారు. ఒకరి చేయి పైకీ కిందికీ ఆడుతుంటుంది. ఇంకొకరి నడుము వంగి లేస్తుంటుంది. నోళ్లతో రకరకాల చప్పుళ్లు చేస్తుంటారు. చూస్తుండగానే ఆ మనుషులంతా కలిసి ఒక యంత్రం అయిపోతారు. సెట్టు లేదు, వస్తువులు లేవు, ఉన్నది ఒళ్లే. సూత్రధారి ఆ యంత్రం గొప్ప గురించి చెబుతుంటాడు. ఉన్నట్టుండి యంత్రం ఆగిపోతుంది. ఎందుకు ఆగిందో చెప్పడానికి ఆ యంత్రంలో నుంచే కార్మికుడు, యజమాని, కాపలావాడు బయటికి వస్తారు. సైకిల్ స్టాండు మాట, క్యాంటీన్ మాట అప్పుడు వస్తుంది. నాటకం మొత్తం పదమూడు నిమిషాలు. ఆ నవంబరులో తల్కటోరా స్టేడియంలో ట్రేడ్ యూనియన్ల సభకు వచ్చిన దాదాపు ఏడు వేల మంది ముందు వేశారు. చూసినవాళ్లు తమ ఊళ్లకు వెళ్లి తమ భాషల్లో మళ్లీ వేసుకున్నారు.

సైకిల్ స్టాండు లాంటి చిన్న కోరికకు కార్ఖానా ఎందుకు తుపాకీ తీసిందన్న ప్రశ్న ఆ పదమూడు నిమిషాల్లో చూసేవాడి కడుపులో దిగుతుంది. పెట్టుబడి గురించి ఉపన్యాసం ఇవ్వనక్కర్లేదు. రోజూ సైకిల్ మీద డ్యూటీకి వెళ్లేవాడికి ఆ స్టాండు విలువ ఎవరూ చెప్పక్కర్లేదు.

ఇప్పుడు మన దగ్గర వీధి నాటకం పేరుతో జరిగేదాంట్లో చాలా భాగం ప్రచారం. ఏదో శాఖ ఒక అంశం ఇస్తుంది, ఒకే రంగు టీషర్టులు వేసుకుని డప్పు కొట్టి, చెత్త ఇక్కడ వేయకండి, హెల్మెట్ పెట్టుకోండి అని చెప్పి ఫొటో దిగి వచ్చేస్తాం. ఆ విషయాలు చెప్పకూడదని నేను అనను. కానీ చెత్త ఎత్తే మనిషికి గ్లౌజులు ఎందుకివ్వలేదు, జీతం ఎన్ని నెలలు బాకీ ఉంది అని ఆ నాటకం అడగదు. జనాన్ని మందలించే నాటకం, జనం తరఫున అడిగే నాటకం ఒకటి కావు. సఫ్దర్ జీవితమంతా రెండోదే చేశారు.

1979లో ఢిల్లీలో బస్సు చార్జీలు పెంచితే వెంటనే దాని మీద నాటకం కట్టి బస్టాపుల్లోనే వేశారు. అదే ఏడాది స్త్రీల బతుకు మీద 'ఔరత్' వచ్చింది. ఇంట్లో, చదువులో, పనిలో ఆడమనిషికి జరిగేదాన్ని వరసగా చూపిన నాటకం అది. ఎన్నో ఏళ్లు ఆడింది, ఎన్నో భాషల్లోకి వెళ్లింది. మత కలహాల మీద, ధరల మీద, నిరుద్యోగం మీద కూడా నాటకాలు కట్టారు. పాటలు రాశారు, పిల్లల కోసం కవితలు రాశారు, పోస్టర్లు వేశారు.

వీధిలో వేస్తున్నాం కదా, ఎలా వేసినా చెల్లుతుంది అనే మాట ఆయనకు గిట్టేది కాదు. మీరే ఆలోచించండి. నాలుగు వైపులా జనం. ఎటు తిరిగినా ఎవరికో ఒకరికి వీపు చూపించక తప్పదు. మొదటి వరసలో కూర్చున్న పిల్లాడు చేయి చాపితే మీ కాలు తగులుతుంది. పక్కన బస్సు హారన్, వెనక కుక్కర్ విజిల్. మైకు లేదు. పట్టపగలు, తప్పు చేస్తే దాచుకోవడానికి చీకటి కూడా లేదు. అందుకే జన నాట్య మంచ్ నటులు గొంతుకీ ఒంటికీ గట్టి సాధన చేసేవాళ్లు. స్టేజీ నాటకమంటే సఫ్దర్‌కు చిన్నచూపు లేదు. ఆ రెండింటికీ పోటీ పెట్టడం తప్పని వ్యాసం కూడా రాశారు. 1988లో నాటక దర్శకుడు హబీబ్ తన్వీర్‌తో కలిసి ప్రేమ్‌చంద్ కథను స్టేజీ నాటకంగా చేశారు.

ఇది మనకు పరాయి విద్య కాదు. 1943లో పుట్టిన ప్రజానాట్యమండలిది కూడా ఇప్టా కుటుంబమే. డాక్టర్ గరికపాటి రాజారావు దర్శకత్వంలో సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు రాసిన 'మా భూమి' నాటకం ఊరూరా ఆడితే మద్రాసు ప్రభుత్వం నిషేధించింది. షేక్ నాజర్ బుర్రకథలో మధ్యన కథకుడు, ఒక పక్క రాజకీయ వంత, ఇంకో పక్క హాస్య వంత. జనం ఎప్పుడు నవ్వాలో, ఎప్పుడు కోపం తెచ్చుకోవాలో ఆ ముగ్గురి మధ్యే తేలిపోయేది. మీకు గురువులు కావాలంటే ఢిల్లీ దాకా పోనక్కర్లేదు, ఆ రికార్డింగులు వినండి.

1988 నవంబరులో ఢిల్లీ పారిశ్రామిక కార్మికులు ఏడు రోజులు సమ్మె చేశారు. దానికోసం వేసిన నాటకాన్నే తిరగరాసి 'హల్లా బోల్' చేశారు. 1989 జనవరి 1న సాహిబాబాద్‌లోని ఝండాపూర్‌లో, మున్సిపల్ ఎన్నికల సమయంలో, అది ఆడుతుండగా దాడి జరిగింది. తోటివాళ్లు తప్పించుకునేలా చూస్తూ సఫ్దర్ వెనక నిలబడిపోయారు. ఆ దాడిలో రామ్ బహదూర్ అనే కార్మికుడు చనిపోయాడు. ఆ పేరు కూడా ప్రతి సభలో చెప్పాలి. సఫ్దర్ మర్నాడు రాత్రి కన్నుమూశారు. ఆయన వయసు 34. నేరం చేసినవాళ్లకు శిక్ష పడటానికి 2003 దాకా పట్టింది.

జనవరి 4న ఆయన భార్య మలయశ్రీ, జట్టు సభ్యులు అదే ఝండాపూర్ వెళ్లి, ఆగిపోయిన నాటకాన్ని పూర్తిగా ఆడారు. వేల మంది వచ్చారు. జన నాట్య మంచ్ ఈ రోజుకీ నాటకాలు వేస్తోంది. ఏటా జనవరి ఒకటిన ఝండాపూర్‌లో కార్మికులు, కళాకారులు కలుస్తారు.

ఇక మన పనికి వద్దాం. మీ స్క్రిప్టులు చూశాను. మూడింటిలో సమస్య పేరుంది, మనుషులు లేరు. రేపు రిహార్సల్ మొదలయ్యే ముందు ప్రతి జట్టూ తాము నాటకం వేయబోయే వీధికి వెళ్లి, అక్కడివాళ్లు అడుగుతున్న ఒక చిన్న కోరిక కనుక్కుని రండి. నీళ్ల ట్యాంకరు టైము కావచ్చు, హాస్టల్లో బాత్రూమ్ తలుపు గడియ కావచ్చు. అడిగితే ఎవరు కాదన్నారో, ఏమని కాదన్నారో కూడా రాసుకోండి. సాయంత్రం వాటితోనే మొదటి సీను కడదాం.