ఉప్పు ప్యాకెట్టు మీద తేదీ

అధ్యక్షులవారికి, గ్రంథాలయ మిత్రులకు, ఈ ఎండలో నడిచి వచ్చిన అమ్మలకు, అయ్యలకు నమస్కారం.

ఈ రోజు మే 17, ప్రపంచ రక్తపోటు దినం. మనకు మాత్రం ఇది ఆవకాయల కాలం. వస్తూ వస్తూ చూశాను, ఈ వీధిలోనే రెండు మూడు అరుగుల మీద మామిడికాయలు కొడుతున్నారు. పక్కన గుడ్డ మీద మూడు రాశులు: ఎర్రటి కారం, పసుపు పచ్చటి ఆవపిండి, తెల్లటి ఉప్పు. ఆ మూడూ ఇంచుమించు సమంగా పడితేనే కాయ ఏడాది పాటు నిలుస్తుందని మా అమ్మ చెప్పేది. నేను మాట్లాడబోయేది ఆ తెల్లటి రాశి గురించి. ఆవకాయ మానెయ్యమని చెప్పడానికి రాలేదు, భయపడకండి. అది లేని వేసవి నేనూ ఎరగను.

ప్రపంచ ఆరోగ్య సమస్యలు, మన జీవన విధానం అన్న విషయం ఇచ్చారు. అంత పెద్ద విషయంలో నా చేతికి బాగా అందిన కొస ఒక్కటే ఉంది. ప్రభుత్వ ఆసుపత్రుల్లో పనిచేసినన్నాళ్లూ రోజూ చూసింది అదే, రక్తపోటు. దాని గురించే చెబుతాను.

ముందు ఒకామె సంగతి. పేరు వద్దు. ప్రతి నెలా భర్తను వెంటబెట్టుకొని వచ్చేది. ఆయనకు బీపీ ఉందని తెలిసి ఆరేళ్లు. మందుల చీటీ ఆమె చేతిలోనే ఉండేది. ఏ మాత్ర పొద్దున, ఏది రాత్రి అన్నది ఆమెకే తెలుసు. ఆయన కుర్చీలో కూర్చొని చెయ్యి చాపేవాడు, ఆమె పక్కన నిలబడేది. నేను చెప్పానని ఆయన కూరలో ఉప్పు తగ్గించి వండేది. అందరూ తిన్నాక, కూర అయిపోతే, తాను మాత్రం ఊరగాయతో నాలుగు ముద్దలు తిని లేచేది. ఒకరోజు తెల్లవారుజామున పాలు పొంగుతుంటే గిన్నె దించబోయింది. చెయ్యి పట్టు తప్పింది. నోరు ఒక పక్కకు జారిపోయింది. పొద్దెక్కాక తీసుకొచ్చారు. అప్పుడు ఆమె బీపీ చూస్తే పై అంకె 210.

ఆరేళ్లలో ఓ డెబ్బై సార్లు నా గదిలో నిలబడిన మనిషి. ఆమె చేతికి ఒక్కసారి కూడా నేను పట్టీ చుట్టలేదు. చీటీ ఆయన పేరు మీద ఉంది, రోగి ఆయనే అనుకున్నాను. ఆ తప్పు నాది. ఆమె బతికింది కానీ మాట పూర్తిగా తిరిగి రాలేదు. నాకు ఏదో చెప్పాలని ప్రయత్నించి, రాక, చేత్తో ఊరుకో అన్నట్టు సైగ చేసి వెళ్లిపోయేది.

ఈ సందర్భంలోనే ఒక మాట గుర్తుపెట్టుకోండి. నోరు వంకర పోయినా, ఒక చెయ్యి లేవకపోయినా, మాట తడబడినా సాయంత్రం దాకా చూద్దాం అనుకోకండి. మెదడులో గడ్డకట్టిన రక్తాన్ని కరిగించే ఇంజెక్షన్ సాధారణంగా మొదటి నాలుగున్నర గంటల్లోపే ఇస్తారు. అందులోనూ ఎంత తొందరగా వస్తే అంత మేలు. గడియారం చూసుకొని, ఎప్పుడు మొదలైందో గుర్తుపెట్టుకొని బయలుదేరండి.

ఆమెలాంటి వాళ్లు ఎందరున్నారు? ప్రపంచ ఆరోగ్య సంస్థ 2023లో ఇచ్చిన నివేదిక ప్రకారం 30 నుంచి 79 ఏళ్ల మధ్య వయసువాళ్లలో దాదాపు 130 కోట్ల మందికి రక్తపోటు ఎక్కువగా ఉంది. వాళ్లలో ఇంచుమించు సగం మందికి ఆ సంగతే తెలియదు. అదుపులో ఉన్నది అయిదుగురిలో ఒక్కరికి. మన దేశంలో భారత వైద్య పరిశోధన మండలి చేయించిన పెద్ద సర్వే ఫలితాలు అదే ఏడాది వచ్చాయి. రక్తపోటు ఉన్నవాళ్లు 31 కోట్ల పైచిలుకు అని తేలింది.

తెలియకపోవడానికి కారణం ఉంది. ఈ జబ్బు నొప్పి పెట్టదు. తల తిరగడం, తలనొప్పి వస్తేనే బీపీ అనుకుంటారు. చాలామందికి ఏమీ ఉండదు. పొలానికి మోటారు పెట్టినవాళ్లకు ఇది తేలిగ్గా అర్థమవుతుంది. పైపు తట్టుకునే దానికన్నా ఎక్కువ ఒత్తిడితో నీళ్లు తోస్తుంటే మొదటి రోజు ఏమీ కాదు. పైరు తడుస్తూనే ఉంటుంది. ఏళ్ల తరబడి అలాగే నడిస్తే ఎక్కడో ఒక జాయింటు దగ్గర పగులుతుంది, లేదా మోటారే కాలుతుంది. మన గుండె రోజుకు సుమారు లక్ష సార్లు కొట్టుకుంటుంది. ప్రతి దెబ్బా కాస్త గట్టిగా పడుతుంటే మెదడులోని సన్నని నాళాలు, మూత్రపిండాల్లోని వడపోతలు, కంటి వెనకటి పొర, చివరికి గుండె కండరం, అన్నీ ఆ దెబ్బలు తినాల్సిందే. ఉప్పు ఎక్కువైతే ఒంట్లో నీరు నిలుస్తుంది. పైపులో నీరు పెరుగుతుంది, ఒత్తిడీ పెరుగుతుంది. కారణాలు ఇంకా ఉన్నాయి. వంశం, వయసు, బరువు, మద్యం, కదలకుండా కూర్చోవడం, నిద్రలేమి. అవన్నీ చెబుతూ పోతే రాత్రవుతుంది. పొగతాగేవాళ్లకు మాత్రం ఒక్క మాట: బీపీ పక్కన చుట్టా బీడీ చేరితే గుండెపోటు ముప్పు ఎన్నో రెట్లు పెరుగుతుంది.

మందులు లేని రోజుల్లో ఎంత పెద్దవాళ్లయినా దీని ముందు నిస్సహాయులే. అమెరికా అధ్యక్షుడు రూజ్‌వెల్ట్‌ను 1944 మార్చిలో గుండె వైద్యుడు పరీక్షిస్తే 186/108 ఉంది. ప్రపంచంలో అందరికన్నా మంచి వైద్యం అందుబాటులో ఉన్న మనిషి. వైద్యులు పెరుగుతున్న అంకెల్ని రాసుకోవడం మినహా పెద్దగా చేయగలిగింది లేకపోయింది. 1945 ఏప్రిల్ 12న తల విపరీతంగా నొప్పి పెడుతోందని చెప్పి కూలిపోయాడు. అప్పుడు 300/190. ఇది జరిగిన నాలుగేళ్లకు, 1949లో, బొంబాయి వైద్యుడు రుస్తుం జాల్ వకీల్ మన సర్పగంధి వేరు రక్తపోటును తగ్గిస్తుందని ఒక బ్రిటిష్ వైద్య పత్రికలో రాసి చూపించాడు. ప్రపంచమంతా ఆ వేరు వైపు చూసింది. ఇప్పుడు అంతకన్నా మంచి మాత్రలు ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో ఉచితంగా ఇస్తారు. రూజ్‌వెల్ట్‌కు దొరకని మందు మన ఊరి కూలీకి దొరుకుతోంది. దాన్ని తీసుకెళ్లి అల్మారాలో పెట్టేస్తే నాకు ఎంత బాధగా ఉంటుందో చెప్పలేను.

ఇక జపాన్‌కు వెళదాం. ఉత్తర జపాన్‌లో అకితా అనే ప్రాంతం ఉంది. చలికాలంలో నెలల తరబడి మంచు కప్పేస్తుంది. ఆ రోజులకోసం కూరగాయలు ఉప్పులో ఊరబెట్టి, చేపలు ఉప్పు పట్టించి దాచుకునేవారు. సోయాతో చేసే ఉప్పటి ముద్ద వేసిన పులుసు పూటపూటా ఉండాల్సిందే. మన ఇంట్లో జాడీల వరుస ఉన్నట్టే వాళ్ల ఇళ్లలో పీపాల వరుస. ఉత్తర జపాన్ రైతులు రోజుకు సుమారు 27 గ్రాముల ఉప్పు తింటున్నారని 1960లో డాల్ అనే అమెరికా వైద్యుడు రాశాడు. ప్రపంచ ఆరోగ్య సంస్థ ఇప్పుడు చెప్పే హద్దు 5 గ్రాములు. అకితాలో పక్షవాతంతో నడివయసులోనే పోయేవారు. జపాన్ మొత్తం మీద కూడా 1951 నుంచి 1980 దాకా మరణాలకు మొదటి కారణం పక్షవాతమే.

అదే అకితాలో ఇకావా అని ఒక చిన్న ఊరు. 1963లో వైద్యులు, ఆరోగ్య నర్సులు అక్కడ పని మొదలుపెట్టారు. చేసింది చాలా మామూలు పని. ఏటా ఊరందరికీ బీపీ చూశారు. ఎక్కువ ఉన్నవాళ్లను వైద్యానికి పంపారు. ఉప్పు ఎలా తగ్గించాలో ఊళ్లో వాళ్లకు చెప్పారు. ఇంత గట్టిగా పని జరగని మరో ఊరితో పోల్చి ఏళ్ల తరబడి లెక్క రాశారు. ఇకావాలో పక్షవాతం మరింత ఎక్కువగా తగ్గింది. దేశమంతటా కూడా తగ్గింది. 1961లో అందరికీ ఆరోగ్య బీమా వచ్చింది, ఇళ్లలోకి ఫ్రిజ్‌లు వచ్చాయి, ఉప్పులో దాచుకునే అవసరం తగ్గింది. 1960ల మధ్య నుంచి చూస్తే జపాన్‌లో పక్షవాతం మరణాల రేటు అయిదింట నాలుగు వంతులకు పైగా పడిపోయింది. వాళ్లు ఊరగాయలు మానలేదు. ఇప్పటికీ రోజుకు 10 గ్రాముల దగ్గరే ఉన్నారు, అది ఇంకా ఎక్కువే. అయినా ఎన్ని ఇళ్లు నిలబడ్డాయో చూడండి. ఈ కథ నాకు అంత ఇష్టం ఎందుకంటే అందులో గొప్ప యంత్రం ఏదీ లేదు. పట్టీ, చీటీ, నర్సు, వంటిల్లు, అంతే.

మన వంటింటికి వద్దాం. పడమటి దేశాల్లో ఉప్పులో ఎక్కువ భాగం ఫ్యాక్టరీ తిండిలో, హోటలు తిండిలో ముందే కలిసి వస్తుంది. అందుకే ఫిన్లాండ్ 1993లో ‘ఉప్పు ఎక్కువ’ అని ప్యాకెట్టు మీద రాయించింది. మనకు ఇప్పటికీ ఎక్కువ భాగం ఇంట్లో పొయ్యి దగ్గరే పడుతుంది. అంటే పగ్గం ఇంకా మన చేతిలోనే ఉంది. చిప్సు, నూడుల్సు, బేకరీ పప్సు పెరుగుతున్న కొద్దీ అది జారిపోతుంది. ప్యాకెట్టు వెనక సోడియం అని మిల్లీగ్రాముల్లో రాస్తారు. దాన్ని రెండున్నరతో హెచ్చవేస్తే ఎంత ఉప్పో తెలుస్తుంది. బడిపిల్లలకు ఈ లెక్క నేర్పండి, వాళ్లే ఇంట్లో అందరికీ చెబుతారు.

మరి పొయ్యి దగ్గర లెక్క ఎలా? వంట చేసే చేతికి కొలతలు ఉండవు, అలవాటే కొలత. దానికి నేను చెప్పేది ఒకటే. ఉప్పు ప్యాకెట్టు కత్తిరించిన రోజే దాని మీద పెన్నుతో తేదీ రాయండి. మనిషికి రోజుకు 5 గ్రాములు, అంటే ఒక చిన్న చెంచాకన్నా కాస్త తక్కువ. నలుగురికి 20 గ్రాములు. కిలో ప్యాకెట్టు 50 రోజులు రావాలి. ఊరగాయ, అప్పడం, వడియం, బయటి తిండి లెక్కలోకి తీసుకుంటే ఇంకా ఎక్కువ రోజులు రావాలి. మా ఇంట్లో మొదటిసారి రాసినప్పుడు 29 రోజులకే అయిపోయింది. వైద్యుడి ఇల్లు! నా భార్య, నేను ఆ ఖాళీ ప్యాకెట్టును బల్ల మీద పెట్టుకొని చాలాసేపు మాట్లాడుకున్నాం. అన్నం వండేటప్పుడు వేసే చిటికెడు మానేశాం. భోజనాల బల్ల మీద నుంచి ఉప్పు గిన్నె తీసేశాం. పెరుగన్నంలో ఊరగాయ ఉన్న పూట పెరుగులో ఉప్పు వేసుకోవడం మానేశాం. నిమ్మరసం, చింతపండు, మిరియాలు, కరివేపాకు కాస్త ఎక్కువ చేశాం. మూడు వారాలు చప్పగానే ఉంది, అబద్ధం చెప్పను. తరవాత ఒక పెళ్లిలో తిన్న పప్పు నాలుక మీద సముద్రంలా అనిపించింది. నాలుక మారింది. అందరికీ కొన్ని వారాల్లో మారుతుంది. ‘అన్నీ వేసి చూడు, నన్ను వేసి చూడు’ అంటుందట ఉప్పు. దాని మాట కొట్టెయ్యలేం. ఎంత వెయ్యాలో మాత్రం మనం తేల్చుకోవచ్చు.

సైంధవ లవణం మంచిదా అని ప్రతి సభలో అడుగుతారు. రంగు గులాబీ అయినా, రాయి పెద్దదైనా అందులో ఉన్నది దాదాపు అంతా అదే సోడియం క్లోరైడు. పైగా అయోడిన్ ఉండకపోవచ్చు. అయోడిన్ ఉన్న ఉప్పే వాడండి, తక్కువ వాడండి. ఎండలో పనిచేసేవాళ్లకు ఉప్పు కావాలి కదా అంటారు. వడదెబ్బకూ విరేచనాలకూ ఇచ్చే ఓఆర్ఎస్ ప్రాణం నిలబెడుతుంది, దాన్ని ఎవరూ ఆపకూడదు. ఏసీ గదిలో కూర్చొని పనిచేసేవాళ్లకు మాత్రం ఆ మాట వర్తించదు.

చైనాలో 600 పల్లెల్లో దాదాపు 21 వేల మందితో అయిదేళ్ల పాటు ఒక పరిశోధన జరిగింది. ఫలితాలు 2021లో వచ్చాయి. సగం పల్లెలకు మామూలు ఉప్పులో నాలుగో వంతు తీసేసి పొటాషియం క్లోరైడు కలిపి ఇచ్చారు. వాళ్లంతా పక్షవాతం వచ్చినవాళ్లో, వయసు మీరి బీపీ ఉన్నవాళ్లో. ఆ పల్లెల్లో పక్షవాతం 14 శాతం, మరణాలు 12 శాతం తక్కువ. ఎంత మంచి వార్త! కానీ ఇది విని అంగడికి పరుగెత్తకండి. మూత్రపిండాల జబ్బు ఉన్నవాళ్లకు, కొన్ని రకాల బీపీ మాత్రలు వేసుకునేవాళ్లకు పొటాషియం ప్రమాదం. ఉద్దానం ప్రాంతంలో కిడ్నీ జబ్బు ఎన్ని ఇళ్లను తిన్నదో మీకు తెలుసు. ఆ జబ్బు ఉన్నా తెలియనివాళ్లు ఉంటారు. రక్తపరీక్ష చేయించుకొని, వైద్యుణ్ణి అడిగిన తరవాతే.

మాత్రల మాట చెప్పి ఆపుతాను. ‘బీపీ మామూలుకు వచ్చింది కదా, ఆపేశాను డాక్టరుగారూ’ అన్న మాట నేను విన్నన్ని సార్లు మరేదీ వినలేదు. మామూలుకు వచ్చింది మాత్ర వల్లే. 2017 చివర్లో మొదలైన రక్తపోటు నియంత్రణ కార్యక్రమం తొలి విడతలో తెలంగాణ కూడా ఉంది. నెల రోజుల మందులు ఒకేసారి ఇవ్వడం, రానివాళ్లను వెతికి పిలవడం దాని పద్ధతి. మీ ఊరి ఆశా కార్యకర్త ఫోను చేస్తే విసుక్కోకండి.

బయట వరండాలో ఇద్దరు నర్సమ్మలు బీపీ చూడటానికి కూర్చున్నారు. కాఫీ ఇప్పుడే తాగినవాళ్లు అరగంట ఆగండి. అయిదు నిమిషాలు వీపు ఆనించి, కాళ్లు నేలకు ఆనించి, మాట్లాడకుండా కూర్చోండి. చెయ్యి గుండె ఎత్తున బల్ల మీద ఉండాలి. రెండుసార్లు చూస్తారు, రెండు అంకెలూ కాగితం మీద రాయించుకోండి. అయ్యలారా, మీరు కాసేపు ఆగండి. మిమ్మల్ని వెంటబెట్టుకొని వచ్చినవాళ్లను ముందు కూర్చోబెట్టండి.