రోబేర్ డెనోయెల్: ద్వేషాన్ని అచ్చువేసిన ప్రచురణకర్త

[తెరపై: చీకటి వీధి, ఆగిన కారు, చక్రం పక్కన జాకీ]

1945 డిసెంబర్ 2, ఆదివారం రాత్రి. పారిస్‌లోని ఇన్వాలిడ్ బులెవార్డ్. నాటకం చూడటానికి బయలుదేరిన ఇద్దరి కారు టైరు పంక్చరైంది. ఆమె టాక్సీ కోసం పోలీస్ స్టేషనుకు నడిచి వెళ్లింది. ఆయన చక్రం మార్చడానికి ఆగాడు. కాసేపటికే వీపులో తూటా దిగి రోడ్డు మీద పడి ఉన్నాడు. పేరు రోబేర్ డెనోయెల్, వయసు 43.

బెల్జియంలో పుట్టిన ఈయన పారిస్‌లో బెర్నార్డ్ స్టీల్ అనే అమెరికన్‌తో కలిసి ప్రచురణ సంస్థ పెట్టాడు. 1932లో సెలీన్ అనే, అప్పటికి ఎవరికీ తెలియని డాక్టరు రాసిన తొలి నవలను అచ్చువేసి ఫ్రెంచి సాహిత్యాన్ని కుదిపేశాడు. మంచి రచనను ఇట్టే పసిగట్టే మనిషి. నా కోపమంతా అందుకే. అక్షరానికి ఎంత బలముందో తెలిసిన వాడు 1937లో అదే సెలీన్ యూదుల మీద కక్కిన విషాన్నీ పుస్తకంగా తెచ్చాడు. యూదుడైన స్టీల్ అప్పటికే సంస్థ వదిలి వెళ్లిపోయాడు.

[తెరపై: 1940, పారిస్‌లో జర్మన్ సైన్యం]

జర్మన్ ఆక్రమణ మొదలైన ఆ ఏడాది సెప్టెంబరులోనే వెయ్యికి పైగా పుస్తకాలతో నిషేధ జాబితా వచ్చింది. ప్రచురణకర్తలు తలవంచారు. డెనోయెల్ అంతటితో ఆగలేదు. మరో సంస్థ పెట్టి, ఫ్రాన్సులోని యూదుల మీద ఒక పుస్తకమాలే మొదలుపెట్టాడు. అందులో జార్జ్ మోంతాండోన్ రాసిన చిన్న పుస్తకం పేరు వినండి: 'యూదుణ్ణి గుర్తుపట్టడం ఎలా?' ముక్కు వంపు, పెదవుల మందం, కళ్ల తీరు... పశువుల సంతలో లక్షణాలు చెప్పినట్టు మనుషుల గురించి చెప్పింది. యూదులందరూ పేర్లు నమోదు చేయించుకోవాలని జర్మన్లు ఆజ్ఞ ఇచ్చిన ఏడాదే అది వెలువడింది. ఆ తర్వాత మోంతాండోన్ మనుషులను పరీక్షించి, ఎవరు యూదులో తేల్చే ధ్రువపత్రాలు రాశాడు. ఆ కాగితం మీద ప్రాణాలు ఆధారపడేవి.

1941లో విల్‌హెల్మ్ ఆండర్‌మాన్ అనే జర్మన్ ప్రచురణకర్త సంస్థలో డబ్బు పెట్టాడు. మరుసటి ఏడాది జూలైలో లూసియఁ రెబాతే రాసిన యూదు వ్యతిరేక గ్రంథం వచ్చింది. కాగితానికి కటకటలాడే కాలంలో దాని ప్రతులు వేలకు వేలు అమ్ముడుపోయాయి. సరిగ్గా అదే జూలై 16, 17 తేదీల్లో పారిస్ పోలీసులు సుమారు 13 వేల మంది యూదులను పట్టుకున్నారు. వారిలో పిల్లలే నాలుగు వేల పైచిలుకు.

[తెరపై: ఎల్సా ట్రియోలే చిత్రం]

మరో సంగతి కూడా చెప్పాలి. అదే ఆక్రమణ కాలంలో ఎల్సా ట్రియోలే కథలనూ ఆయన అచ్చువేశాడు. ఆమె యూదు కుటుంబంలో పుట్టిన కమ్యూనిస్టు, నాజీల మీద పోరాడిన రచయిత్రి. ఆయన సంస్థ ప్రచురించిన ఆమె పుస్తకానికి 1945లో ఫ్రాన్సులో పేరున్న సాహిత్య బహుమతి గోంకూర్ వచ్చింది. ఆ బహుమతి అందుకున్న తొలి మహిళ ఆమే. దీన్ని చూపి డెనోయెల్‌ను వెనకేసుకొచ్చేవారు ఉన్నారు. నేను ఒప్పుకోను. ట్రియోలేను అచ్చువేసినంత మాత్రాన మోంతాండోన్ పుస్తకం వెనక్కి రాదు.

తూటా పేలే నాటికి జర్మన్లకు సహకరించిందన్న ఆరోపణపై ఆయన సంస్థ మీద విచారణ దగ్గరపడింది. తోటి ప్రచురణకర్తలు జర్మన్లతో నడిపిన వ్యవహారాల చిట్టా ఆయన దగ్గర ఉందని అప్పట్లో చెప్పుకున్నారు. 1948లో కోర్టు సంస్థను నిర్దోషిగా వదిలేసింది. 1951లో గాలిమార్ అనే మరో పెద్ద ప్రచురణ సంస్థ దాన్ని కొనేసింది. డెనోయెల్ పేరుతో పుస్తకాలు నేటికీ వస్తున్నాయి. ఆయనను కాల్చిందెవరో మాత్రం తేలనేలేదు.