గట్టు మీద కంది: మహాబాద్ రిపబ్లిక్ కథ

నమస్తే. ఒక మాట పదే పదే విని ఈ వీడియో చేస్తున్నాను. కుర్దులంటే ఇరాన్, ఇరాక్, టర్కీ, సిరియాల కొండ ప్రాంతాల్లో ఉండే ఒక జాతి. 1946లో వాళ్ళు ఇరాన్‌లోని మహాబాద్ అనే ఊళ్ళో ఒక చిన్న రిపబ్లిక్ పెట్టుకున్నారు, అది ఏడాది కూడా నిలవలేదు. కుర్దుల సంగతి ఎప్పుడు ఎత్తినా ఎవరో ఒకరు అంటారు: "మహాబాదా? అది స్టాలిన్ ఆడించిన కీలుబొమ్మ. ఆయన చెయ్యి తీయగానే పడిపోయింది." వింటే నిజంగా బాధేస్తుంది. అందులో సగం నిజం ఉంది కాబట్టి మరీ బాధ.

(తెర మీద: ఖాజీ ముహమ్మద్ ఫోటో)

ఈ ఫోటో చూడండి. ఒంటి మీద సోవియట్ సైనికుల తరహా దుస్తులు, తల మీద మతపెద్దల తలపాగా. ఈయనే ఖాజీ ముహమ్మద్, ఆ రిపబ్లిక్ అధ్యక్షుడు. ఊళ్ళో తగవులు తీర్చే న్యాయమూర్తుల కుటుంబం. అందరూ ఆ యూనిఫాం చూసి తీర్పు చెప్పేస్తారు. తలపాగా కూడా చూడమని అడుగుతున్నాను.

వరి పండే ఊళ్ళలో గట్టు మీద కంది వేస్తారు కదా. దాన్నే తీసుకుందాం. గట్టుకి రెండు వైపులా ఇద్దరు పెద్ద రైతులు. గట్టు నాదంటే నాదని తగాదా. అది తేలేదాకా ఎవరూ పార పట్టుకుని గట్టెక్కరు. ఆ సందులో ఒక పేదవాడు నాలుగు కంది గింజలు నాటాడు. మొక్కలు లేచాయి. పక్క చేలోంచి ఊట అందుతోంది. ఇప్పుడు చెప్పండి, ఊట పక్క రైతు చేలోది కాబట్టి కంది కూడా ఆ రైతుదేనా?

(మ్యాప్: ఇరాన్ వాయవ్య మూల)

1941 ఆగస్టు 25న ఉత్తరం నుంచి సోవియట్ సైన్యం, దక్షిణం నుంచి బ్రిటిష్ సైన్యం ఇరాన్‌లోకి దిగాయి. ఒకరికి యుద్ధ సామగ్రి వెళ్ళే దారి కావాలి, ఇంకొకరికి నూనె బావులు భద్రంగా ఉండాలి. సెప్టెంబరులో రెజా షా గద్దె దిగాడు. కుర్దు దుస్తుల్ని, కుర్దు భాషలో అచ్చు పుస్తకాల్ని అణచిపెట్టిన రాజు ఆయన. ఇప్పుడు మ్యాప్‌లో మహాబాద్ ఎక్కడుందో చూడండి. సోవియట్ దండు ఉన్న ప్రాంతానికీ బ్రిటిష్ దండు ఉన్న ప్రాంతానికీ మధ్య. ఇరాన్ సైన్యం వెళ్ళిపోయింది, వీళ్ళిద్దరూ ఊళ్ళో మకాం వేయలేదు. అదే మన గట్టు.

గింజ ఎవరిది అన్నది తేలేది ఇక్కడే. 1942లో మహాబాద్ ఊరివాళ్ళు కొందరు రహస్యంగా ఒక సంఘం పెట్టుకున్నారు. పేరు కోమలా. మరుసటి ఏడాది కుర్దు భాషలో పత్రిక తెచ్చారు. 'నిష్తిమాన్', అంటే మాతృభూమి. వీళ్ళకి ఒక దేశం కట్టిపెడదామని మాస్కోలో ఎవరూ కూర్చుని ఆలోచించక ముందే జరిగిన పని ఇది. "కీలుబొమ్మ" అనేవాళ్ళు ఈ మూడేళ్ళూ ఎందుకు వదిలేస్తారో నాకు అర్థం కాదు.

ఊట కూడా ఉంది, దాచను. 1945 సెప్టెంబరులో ఖాజీ ముహమ్మద్ బృందం సోవియట్ అజర్‌బైజాన్ రాజధాని బాకూ వెళ్ళింది. అక్కడి సోవియట్ నాయకుడు బాఘిరోవ్ ఏమన్నాడు? తొందర వద్దు, ప్రస్తుతానికి ఇరాన్‌లోని అజర్‌బైజాన్ ప్రాంతంలో భాగంగా స్వపరిపాలన తీసుకోండి అన్నాడు. అంటే ఆ ప్రాంతపు ముఖ్య నగరం తబ్రీజ్‌లో, సోవియట్ల అండతో పిషెవరి అనే నాయకుడు పెట్టబోయే ప్రభుత్వం కింద ఉండమని. కుర్దులు ఒప్పుకోలేదు. ఆడించేవాడి మాటకి అడ్డం తిరిగే బొమ్మ ఎక్కడైనా ఉంటుందా? చివరికి బాఘిరోవ్ దిగొచ్చి ట్యాంకులు, ఫిరంగులు, తుపాకులు, ఒక అచ్చుయంత్రం ఇస్తానన్నాడు. తుపాకులు వచ్చాయి, అచ్చుయంత్రం వచ్చింది. ట్యాంకులు ఏనాడూ రాలేదు.

1946 జనవరి 22న, మహాబాద్‌లోని చ్వార్‌చిరా కూడలిలో రిపబ్లిక్ ప్రకటించారు. చ్వార్‌చిరా అంటే నాలుగు దీపాలు. చెప్పుకోవడానికి దేశమే గానీ చేతిలో ఉన్నది మహాబాద్, చుట్టుపక్కల కొన్ని చిన్న పట్నాలు, అంతే. పెద్ద కుర్దు నగరాలైన సనందజ్, కెర్మాన్‌షా అందులో లేవు. ఖాజీ ముహమ్మద్ పార్టీ రాతపూర్వకంగా అడిగింది కూడా ఇరాన్ సరిహద్దుల్లోపలే స్వపరిపాలన, బడిలో ఆఫీసులో కుర్దు భాష.

నాకు ఇష్టమైన భాగం ఆ అచ్చుయంత్రం. దాని మీద 'కుర్దిస్తాన్' అనే పత్రిక వేశారు. బడి పిల్లలకి కుర్దు పాఠ్యపుస్తకాలు తయారుచేశారు. హజార్, హేమిన్ అనే ఇద్దరు యువకవులు ఆ ఏడాదే పేరు తెచ్చుకున్నారు. కొన్నేళ్ళ ముందు వరకూ సొంత భాషలో ఒక్క పేజీ అచ్చు వేయడానికి భయపడిన ఊరు అది. పక్క చేలోంచి వచ్చిన నీళ్ళతో కంది ఏం కాసిందో చూశారా? కందులే కాసింది, వడ్లు కాయలేదు.

ఇబ్బందులు మాత్రం మొదటి నుంచీ ఉన్నాయి. రిపబ్లిక్‌కి గట్టి సైనిక బలం అంటే ఇరాక్ నుంచి తన మనుషులతో సరిహద్దు దాటి వచ్చిన కుర్దు నాయకుడు ముస్తఫా బర్జానీ. స్థానిక తెగల పెద్దలు చాలామంది గాలి ఎటు వీస్తుందో చూస్తూ ఉండిపోయారు. టెహ్రాన్ మార్కెట్ దూరమైపోయి పొగాకు అమ్ముకోవడం కూడా కష్టమైంది.

సమయం అయిపోతోంది, మిగతాది త్వరగా చెప్తాను. యుద్ధ సమయంలో ఇరాన్‌తో చేసుకున్న ఒప్పందం ప్రకారం 1946 మార్చి 2 నాటికి విదేశీ సైన్యాలు ఇరాన్ వదలాలి. బ్రిటిష్‌వాళ్ళు వెళ్ళారు, సోవియట్లు వెళ్ళలేదు. ఇరాన్ భద్రతా మండలికి వెళ్ళింది, అమెరికా గట్టిగా నిలబడింది. ఏప్రిల్ 4న ఇరాన్ ప్రధాని ఖవామ్ సోవియట్లతో బేరం కుదిర్చాడు: ఉత్తరాన ఉమ్మడి నూనె కంపెనీ, అందులో వాళ్ళకి 51 శాతం. బదులుగా సైన్యం వెనక్కి. దానికి మజ్లిస్, అంటే అక్కడి పార్లమెంటు, ఆమోదం కావాలి. మే నెలలో సోవియట్ సైన్యం వెళ్ళిపోయింది. గట్టు తగాదా తీరింది. తీరగానే ఏం చేస్తారు? పార తీస్తారు.

కొత్త మజ్లిస్‌కి ఎన్నికలు జరపాలంటూ డిసెంబరులో ఇరాన్ సైన్యం ఉత్తరానికి కదిలింది. ముందు తబ్రీజ్ పడిపోయింది, కొద్ది రోజుల్లోనే మహాబాద్. ఖాజీ ముహమ్మద్ పారిపోవచ్చు. పారిపోలేదు. ఊళ్ళో రక్తం పారకూడదని తానే ఎదురెళ్ళి లొంగిపోయాడు. సైన్యం వచ్చాక కుర్దు అచ్చు ఆపేశారు, పుస్తకాలు తగలబెట్టారు. 1947 మార్చి 31న ఖాజీ ముహమ్మద్‌ని, తమ్ముడు సద్ర్ ఖాజీని, బంధువు సైఫ్ ఖాజీని అదే చ్వార్‌చిరా కూడలిలో ఉరితీశారు. బర్జానీ దాదాపు 500 మందితో కొండలు దాటి, జూన్‌లో అరాస్ నది దాటి సోవియట్ నేల చేరాడు. 1958 దాకా తిరిగి రాలేదు.

ఇక ఆ నూనె ఒప్పందం. 1947 అక్టోబరులో మజ్లిస్ ముందుకొచ్చింది. వ్యతిరేకంగా 102 ఓట్లు, అనుకూలంగా 2. స్టాలిన్‌కి ఒక్క పీపా కూడా దక్కలేదు. ఆ ఓట్లు లెక్కపెట్టే నాటికి ఖాజీ ముహమ్మద్ పోయి ఏడు నెలలు కావస్తోంది.