కుదువ (తాకట్టు) భూమి కేసుల రాజీ: రెండు లైన్ల మెమోతో పని కాదు

అందరికీ నమస్తే. వేదిక మీద ఉన్న పెద్దల పేర్లన్నీ చదివితే పావుగంట పోతది, వాళ్లేం అనుకోరు. వెనుక వరుసల్ల సంచుల్ల కాగితాలు పెట్టుకొని కూర్చున్న రైతులు కనిపిస్తున్నరు. వాళ్లతోనే మాట్లాడుత.

నాకిచ్చిన అంశం 'మధ్యవర్తిత్వం, ప్రయోజనాలు'. ప్రయోజనాల సంగతి తర్వాత. ముందు కోర్టుల వేసే ఒక మెమో గురించి చెప్పాలె. "ఉభయులం బయట రాజీపడినం, కేసు నడుపదలచుకోలేదు." రెండే లైన్లు. జడ్జి చూస్తరు, దావా కొట్టేస్తరు, ఫైలు కట్టేస్తరు. రేపు అవతలాయన పొలం వదలకపోతే మీ చేతుల ఏమున్నది? డిక్రీ, అంటే కోర్టు రాసిచ్చే తీర్పు ఉత్తర్వు, లేదు. డిక్రీ లేకుంటే దాన్ని అమలు చేయించమని అడిగే అర్జీ లేదు. మళ్లా పెద్దమనుషులు, మళ్లా చాయ్‌లు.

సివిల్ ప్రొసీజర్ కోడ్ (సివిల్ దావాలు నడిపే చట్టం) ఆర్డర్ 23 రూల్ 3 ఉన్నది ఇందుకే. రాజీ రాతల ఉండాలె, పార్టీలు (కేసుల ఉన్న ఇరుపక్షాలు) సంతకం పెట్టాలె, చట్టానికి విరుద్ధం కావద్దు. అప్పుడు కోర్టు దాన్ని రికార్డు చేసి డిక్రీ ఇస్తది. ఒప్పుకొని తీసుకున్న డిక్రీ మీద అప్పీలు ఉండదు. స్వాధీనం ఇప్పించే డిక్రీ అయితే 12 ఏండ్ల లోపల అమలు చేయించుకోవచ్చు.

ఇగ మన దిక్కు కుదువ. పాలమూరు నుంచి ముంబైకి, దేవరకొండ దిక్కు నుంచి ఎక్కడెక్కడికో పనికి పోయినోళ్లు అప్పు తీసుకొని రెండెకరాలు ఎవరికో అప్పజెప్పి పోయిన్రు. పంట ఆయన తింటడు, అదే మిత్తి. అసలు కట్టిననాడు భూమి వాపసు. దీన్నే చట్టంల స్వాధీన తాకట్టు అంటరు. తిరిగొచ్చి అడిగితే "ముప్పై ఏండ్లు దాటింది, ఇగ నాదే" అంటడు. ఈ ఒక్క మాటకు భయపడి ఎంతమంది సగానికి ఒప్పుకుంటున్నరో! 2014ల సింగ్ రామ్ కేసుల సుప్రీంకోర్టు తేల్చింది: స్వాధీన తాకట్టుల భూమి విడిపించుకునే గడువు, ఆ 30 ఏండ్ల లెక్క, పత్రం రాసిన తారీఖు నుంచే మొదలుకాదు. ఇది తెలిసి మధ్యవర్తి ముందు కూర్చోండ్రి. అయితే వంద రూపాయలు, ఆపైన తాకట్టుకు రిజిస్టరు పత్రం కావాలె, బ్యాంకుల పత్రాలు పెట్టి తీసుకునేది వేరు. మనోళ్లు తెల్లకాగితం మీద రాసుకున్నవే ఎక్కువ. కోర్టుల రుజువు కష్టం గనుక అటువంటోళ్లకు రాజీ ఇంకా అక్కరకొస్తది.

మధ్యవర్తి దగ్గర చెప్పింది జడ్జి దాకా పోదు. కుదిరితే ఒప్పందం పోతది, కుదరకుంటే 'కుదరలేదు' అనే పోతది. కాబట్టి ఎంత ఇయ్యగలరో మనసు విప్పి చెప్పొచ్చు.

ఒప్పందం ఎక్కువగా చెడేది ఒక్క దగ్గర: డబ్బు ముందా, పొలం ముందా? "పైసలు కట్టంగనే ఇస్త" అని రాయొద్దు. ఒక తారీఖు రాయండ్రి. ఆ రోజు సబ్ రిజిస్ట్రార్ ఆఫీసుల పైసలు ఇయ్యాల్సినాయన డీడీ (బ్యాంకు డిమాండ్ డ్రాఫ్టు) తెస్తడు, తాకట్టు పట్టినాయన పాత పత్రం తెస్తడు, తాకట్టు తీరినట్టు రాసి రిజిస్టరు చేస్తరు, ఖర్చు ఎవరిదో ముందే రాసుంటది. నిలబడ్డ పంట ఎవరిది? వరి కోసినంక పొలం వదులుతడా, ఇప్పుడే వదులుతడా? బోరు, మోటారు ఆయన వేసినవైతే తీసుకపోతడా, ధర కడతరా? గడువు తప్పితే మిత్తి ఎంత? సర్వే నంబరు, ఎకరాలు గుంటలతో, నాలుగు హద్దులు. ఇవి లేక 'సామరస్యంగా' అని రాస్తే, ఆ మాటను అమలు చేసే అమీను (కోర్టు ఉద్యోగి) ఎవరూ లేరు.

ఇంకో మెలిక. దావాల లేని ఆస్తిని రాజీల కలుపుతరు: "పొలం బదులు ఊళ్లె ప్లాటు ఇస్త" అని. కలపొచ్చు. కానీ ఆ ప్లాటు వరకు డిక్రీని రిజిస్టరు చేయించాలె, లేకుంటే హక్కు రాదు.

మీ ఇంట్ల ఆడబిడ్డలు ఉన్నోళ్లు చేతులెత్తండ్రి. చూసిన్రా! తండ్రి పేరున్న భూమికి అన్నదమ్ములిద్దరు సంతకం పెట్టి అయిపోయిందనుకుంటరు. తాకట్టు దావాల ఆడబిడ్డలతో సహా హక్కున్నోళ్లందరూ పార్టీలు కావాలె. మైనరు ఉంటే కోర్టు అనుమతి లేని రాజీని ఆ పిల్లగాడు పెద్దయినంక తిరగదోడొచ్చు. ముంబైల ఉన్న తమ్ముడు జీపీఏ (తన తరఫున పని చేయమని ఇచ్చే అధికార పత్రం) ఇస్తే, దాంట్ల రాజీ చేసుకునే అధికారం మాటల్ల రాసుండాలె.

బ్యాంకుది వేరే దారి. ఇల్లు, ప్లాటు తాకట్టు ఉండి 60 రోజుల నోటీసు వచ్చిందంటే సర్ఫేసీ చట్టం (బ్యాంకులు తాకట్టు ఆస్తి పట్టుకొని అప్పు రాబట్టుకునే చట్టం) కిందికి పోయినట్టే, సివిల్ కోర్టు తలుపు తట్టి లాభం లేదు. వ్యవసాయ భూమి ఆ చట్టం కిందికి రాదు.

లోక్ అదాలత్‌ల పెండింగు దావా రాజీ అయితే కట్టిన కోర్టు ఫీజు వాపసు వస్తది, అర్జీ పెట్టుకోండ్రి. డిక్రీ వచ్చిననాడే సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు వేయండ్రి. తాకట్టు తీరినట్టు రిజిస్టరు అయినంక కొత్త ఈసీ (ఆస్తి మీద రిజిస్టరైన తాకట్లు, అమ్మకాలు చూపే పత్రం) తీసి, అది ఎక్కిందో లేదో చూసుకోండ్రి.

సంచుల్ల కాగితాలు ఉన్నోళ్లు ఒక్కొక్కరు ముందుకు రండ్రి. ఈసీ ఉంటే పైన పెట్టండ్రి.