మారిస్ టర్న్‌బుల్: లార్డ్స్ నుంచి నార్మండీ దాకా

తమ్ముడు: నమస్కారం అండీ. అక్కా, ఇండియా ఇంగ్లండ్ మీద ఆడిన 1936 లార్డ్స్ టెస్టు అనగానే మన విజయనగరంలో ఎవరైనా విజ్జీ గారి కథే ఎత్తుకుంటారు. మన టీమ్ కెప్టెన్ ఆయనే, ఆటగాడు లాలా అమర్‌నాథ్‌ని ఆ టెస్టుకి ముందే ఇంటికి పంపేశారు...

అక్క: ఆ గొడవ దగ్గరే ఆగిపోతాం రా మనం. నేను ఈమధ్య ఆ స్కోర్‌కార్డు ఆఖరి దాకా చూశాను. ఇంగ్లండ్ గెలవాలంటే 107 కొట్టాలి. ఒక ఓపెనర్ సున్నాకే పోయాడు. తర్వాత ఇంకో వికెట్ పడలేదు. గింబ్లెట్ 67, ఇంకొకాయన 37, ఇద్దరూ నాటౌట్. ఆ ఇంకొకాయన మారిస్ టర్న్‌బుల్. మొదటి ఇన్నింగ్స్‌లో అమర్ సింగ్ ఆయన్ని సున్నాకే అవుట్ చేశాడు. ఆయన ఆడిన తొమ్మిది టెస్టుల్లో అదే ఆఖరిది. ఎనిమిదేళ్ళకి యుద్ధంలో చనిపోయాడు.

తమ్ముడు: ఎవరక్కా ఆయన?

అక్క: 1906లో కార్డిఫ్‌లో పుట్టాడు. వేల్స్ మనిషి. బళ్ళో చదువుతుండగానే, 1924లో, గ్లామోర్గాన్ కౌంటీకి ఆడాడు. తర్వాత కేంబ్రిడ్జ్ వెళ్ళి, 1929లో యూనివర్సిటీ టీమ్‌కి కెప్టెన్ అయ్యాడు. మరుసటి ఏడే గ్లామోర్గాన్ కెప్టెన్సీ. ఇంగ్లండ్ తరఫున టెస్టు ఆడిన మొదటి గ్లామోర్గాన్ ఆటగాడు ఆయనే.

తమ్ముడు: బ్యాట్స్‌మన్‌గా ఎలాంటివాడు?

అక్క: టెస్టుల్లో అంత గొప్ప లెక్కలు లేవు, అత్యధికం 61. కానీ 1932లో కార్డిఫ్‌లో నాటింగ్‌హమ్‌షైర్ మీద కొట్టిన 205 ఉంది చూశావా! అవతల బౌలర్లు లార్‌వుడ్, వోస్. అదే ఏడాది చలికాలంలో ఆస్ట్రేలియా వెళ్ళి బాడీలైన్‌తో, అంటే బ్యాట్స్‌మన్ ఒంటి మీదికి బంతులేసే పద్ధతితో, గడగడలాడించినవాళ్ళే. వాళ్ళు ఛాతీ మీదికి వేస్తుంటే ఈయన 205 కొట్టాడు. ఆ ఒక్క ఇన్నింగ్స్ చూడగలిగితే చాలనిపిస్తుంది నాకు.

తమ్ముడు: రగ్బీ కూడా ఆడాడంటారు కదా?

అక్క: ఆడటమేంటి, 1933లో ట్వికెన్‌హామ్‌లో ఇంగ్లండ్‌ని ఓడించిన వేల్స్ టీమ్‌లో ఉన్నాడు. ఆ మైదానంలో వేల్స్‌కి అదే మొదటి గెలుపు. క్రికెట్ ఇంగ్లండ్‌కి, రగ్బీ వేల్స్‌కి ఆడినవాడు ఆయనొక్కడే. హాకీ, స్క్వాష్ కూడా వేల్స్‌కి ఆడాడు. సరే, వాటిని పక్కన పెట్టు. నన్ను కదిలించింది వేరే.

తమ్ముడు: ఏంటది?

అక్క: డబ్బు. అప్పుడు దక్షిణ వేల్స్‌లో బొగ్గు గనులు మూతపడి జనం పనుల్లేక అల్లాడుతున్నారు. గ్లామోర్గాన్ క్లబ్ అప్పుల్లో మునిగిపోయింది, ఎప్పుడు మూతపడుతుందో అన్నట్టుంది. ఈయన కెప్టెనూ, సెక్రటరీ కూడా. చలికాలం వస్తే స్నేహితుడు జానీ క్లే తోడుగా డాన్స్ పార్టీలు పెట్టించి, చందాలు పోగుచేసేవాడు. ఊళ్ళో గుడి కట్టాలంటే పెద్దమనిషి గడపగడపకీ వెళ్ళి అడుగుతాడే, అలాగ. 1934లో పక్కనున్న మన్‌మత్‌షైర్ క్లబ్‌ని కలుపుకున్నాడు, ఆటగాళ్ళు దొరుకుతారని. కేంబ్రిడ్జ్‌లో చదివినవాడికి అడుక్కోవాల్సిన పనేముంది చెప్పు? ఆ క్లబ్ బతికిందంటే అందులో ఆయన చేసిన పని చాలా ఉంది.

తమ్ముడు: తర్వాత యుద్ధం.

అక్క: 1939లో పెళ్ళయింది. అదే ఏడాది యుద్ధం. వెల్ష్ గార్డ్స్ అనే సైనిక దళంలో చేరి మేజర్ దాకా వెళ్ళాడు. 1944 ఆగస్టు 5, ఫ్రాన్స్‌లోని నార్మండీలో మోంషాం అనే చిన్న పల్లె. అక్కడ పొలం గట్ల మీద మనిషెత్తు కంచెలు, పదడుగుల అవతల ఎవరున్నారో తెలీదు. జర్మన్ ట్యాంకులు వస్తున్నాయి. కొద్దిమందిని వెంటేసుకుని వాటిని ఆపడానికి ముందుకెళ్ళాడు. కాల్పుల్లో అక్కడికక్కడే పోయాడు. ముప్ఫై ఎనిమిదేళ్ళు.

తమ్ముడు: ...

అక్క: శవాన్ని వెనక్కి తెచ్చిన సార్జెంట్ ఆయన జేబులు వెతికితే, భార్యా ముగ్గురు పిల్లల ఫొటోలు బయటపడ్డాయి. (కాస్త ఆగి) ఇది చదివిన రోజు నాకు ఇంకేం చదవబుద్ధి కాలేదు.

తమ్ముడు: ఇంటి దగ్గర ఎలా తెలిసింది?

అక్క: కార్డిఫ్‌లో గ్లామోర్గాన్ మ్యాచ్ జరుగుతుంటే కబురొచ్చింది. జనమంతా లేచి మౌనంగా నిలబడ్డారు. ఆయన్ని బాయూలోని సైనిక శ్మశానంలో పూడ్చారు.

తమ్ముడు: మరి ఆ క్లబ్?

అక్క: 1948లో మొదటిసారి కౌంటీ ఛాంపియన్ అయింది. కెప్టెన్ విల్ఫ్ వూలర్. ట్వికెన్‌హామ్ గెలుపులో టర్న్‌బుల్ పక్కన ఆడినవాడే. యుద్ధంలో జపాన్ వాళ్ళ చేతికి చిక్కి సింగపూర్‌లోని చాంగీలో ఖైదీగా గడిపి తిరిగొచ్చాడు. టైటిల్ ఖాయం చేసిన మ్యాచ్ బోర్న్‌మత్‌లో, హాంప్‌షైర్ మీద. ఆఖరి వికెట్ ఎల్బీడబ్ల్యూ. బౌలర్ ఎవరో తెలుసా?

తమ్ముడు: ఎవరు?

అక్క: జానీ క్లే. డాన్స్ పార్టీలకి తోడు తిరిగిన స్నేహితుడు. అప్పటికి ఆయనకి యాభై ఏళ్ళు.