బస్టాండు హోరులో అమ్మ మాట

అందరికీ నమస్కారం. సినిమా వేసేముందు నేను చేసిన ఒక తెలివితక్కువ పని చెప్పాలి.

చాలా ఏళ్ల కిందట మన తిరుపతి ఆర్టీసీ బస్టాండులో షూటింగ్ చేస్తున్నా. మధ్యలో అమ్మ ఫోన్ చేసింది. స్పీకర్ ఆన్‌లో ఉంది, రికార్డర్ తిరుగుతూనే ఉంది. "యాడుండావు నాయనా, తిన్యావా" అనేంతవరకు బాగానే పడింది. ఆ తర్వాత ఒక కండక్టర్ "కాణిపాకం, చిత్తూరు, చిత్తూరు!" అని అందుకున్నాడు, వెనక నుంచి బస్సు హారన్. అమ్మ ఇంకేదో చెప్పింది, ఒక్క ముక్క అర్థం కాలేదు. సౌండ్ పాడైందని అదంతా తీసేశా.

తర్వాత బెల్జియం దర్శకురాలు చాంటల్ అకర్మన్ తీసిన 'న్యూస్ ఫ్రమ్ హోమ్' చూశాను. ఈ రోజు మీరు చూడబోయేది అదే. ఆమె 1950లో బ్రస్సెల్స్‌లో పుట్టింది. 1971లో, ఇరవై ఒక్క ఏళ్ల వయసులో న్యూయార్క్ వెళ్లింది. అక్కడున్న రోజుల్లో వాళ్లమ్మ వరసగా ఉత్తరాలు రాసింది. ఒంట్లో బాగాలేదనీ, చుట్టాల కబుర్లూ, ఎందుకు జవాబు రాయవనీ. మన ఇళ్లలో రాసే ఉత్తరాలే. 1976లో ఆమె మళ్లీ న్యూయార్క్ వెళ్లి వీధులూ, భూగర్భ రైళ్లూ చిత్రీకరించి, ఆ బొమ్మల మీద ఈ పాత ఉత్తరాలను తన గొంతుతోనే చదివింది. అంటే మీరు వినే మాటకీ, చూసే ఊరికీ మధ్య కొన్నేళ్ల తేడా ఉంది. ఏ ఉత్తరం ఏ వీధిదో ఎక్కడా చెప్పదు. కూతురి జవాబు ఒక్కటీ వినిపించదు, ఆమె మొహం కూడా కనిపించదు.

చదువుతుండగా రైలొస్తుంది. మాట మునిగిపోతుంది. అకర్మన్ రైలు చప్పుడును తగ్గించలేదు. నేను చెత్తబుట్టలో వేసింది సరిగ్గా అదే.

జ్ఞాపకం అనగానే మనవాళ్లు బొమ్మను పసుపు రంగులోకి మార్చి, వెనక వేణువు పెట్టేస్తారు. నాకు ఒళ్లు మండుతుంది! ఇక్కడ అలాంటివేమీ లేవు. కెమెరా ఎక్కువగా ఒకచోట నిలబడి చూస్తూ ఉంటుంది, అంతే. మొదటి పావుగంట మీకు విసుగు రావచ్చు. నాకూ వచ్చింది.

చివరి షాట్ పడవ మీద నుంచి, దాదాపు పది నిమిషాలు. ఊరు మెల్లగా వెనక్కి జరిగి మంచులో కలుస్తుంది. అందులో వరల్డ్ ట్రేడ్ సెంటర్ జంట భవనాలున్నాయి. తీసినప్పుడు అవి మామూలు బిల్డింగులు. 2001లో అవి కూలిపోయాక చూసేవాళ్ల కళ్లు వాటి మీదే ఆగుతున్నాయి.

నాకూ అలాంటిదొకటుంది. శ్రీనివాస సేతు ఫ్లైఓవర్ లేనప్పుడు లీలామహల్ సర్కిల్ దగ్గర ఒక టీ బండి వైపు కెమెరా పెట్టాను. గ్లాసులు కడిగే చెయ్యి కోసం తీసింది అది. ఇప్పుడు ఎవరికి చూపించినా చెయ్యిని వదిలేసి, "అయ్యో, అక్కణ్నుంచి కొండ ఇంత బాగా కనిపించేదా!" అంటున్నారు.

సరే, లైట్లు ఆపుదాం. మధ్యలో మాట వినబడకపోతే సౌండ్ పెంచమని వెనక్కి తిరిగి అరవకండి. స్పీకర్లు బాగానే ఉన్నాయి.