సీతాఫలం రివ్యూ: బాలానగర్ కాయా, గోల్డెన్ కాయా?

నమస్తే అండి. టేబుల్ మీద రెండు రకాల సీతాఫలాలు పెట్టాను. ఇటువైపు చిన్నవి బాలానగర్ కాయలు. మహబూబ్‌నగర్ జిల్లా బాలానగర్ పేరు మీద వచ్చిన రకం ఇది. సీజన్‌లో బెంగళూరు హైవే మీద వెళ్తే రోడ్డు పక్కన బుట్టల్లో పెట్టి అమ్ముతుంటారు, చూసే ఉంటారు. అటువైపు పెద్దవి గోల్డెన్. మహారాష్ట్రలో బార్శీ దగ్గర నవనాథ్ కస్పటే అనే రైతు తయారుచేసిన రకం. ఇప్పుడు మన దగ్గర కూడా చాలామంది ఈ తోటలు వేస్తున్నారు.

ముందు బాలానగర్ విప్పుతున్నాను. చూడండి, రెండు బొటనవేళ్ళతో ఇలా అంటే చాలు, విచ్చుకుపోయింది. గుజ్జు తెల్లగా, తొక్క దగ్గర కాస్త రవ్వరవ్వగా ఉంది. ఆ రవ్వలోనే అసలు తీపి ఉంటుంది. నోట్లో పెట్టుకోగానే వాసన ముక్కు దాకా వస్తుంది. గింజలు మాత్రం ఎక్కువే. నిన్న ఒక కాయలో లెక్కపెడితే 41 వచ్చాయి.

ఇప్పుడు గోల్డెన్. ఇది అలా విడిపోదు, చాకు పెట్టాల్సిందే. గుజ్జు మందంగా, మెత్తగా, ఐస్‌క్రీమ్‌లా ఉంది. ఇంత పెద్ద కాయలో గింజలు 17 మాత్రమే. పండాక కూడా బాలానగర్ కంటే ఎక్కువ రోజులు ఆగుతుంది, బండిలో వేసినా పగలదు. అందుకే వ్యాపారులకు ఇష్టం. ఇంట్లో జ్యూస్‌కి, మిల్క్‌షేక్‌కి నేనూ ఇదే తీసుకుంటాను. కానీ చేత్తో విప్పుకుని తినడానికైతే నా ఓటు బాలానగర్‌కే. ఆ వాసన గోల్డెన్‌కి రాలేదు.

చాలామంది "సీతాఫలం కొన్నాం, రాయిలా ఉండిపోయింది, నల్లబడింది" అని కామెంట్ పెడుతుంటారు. పోయినేడు నాకూ ఒక దుకాణంలో అలాంటివే అంటగట్టారు. అవి లేత కాయలు. కొనేటప్పుడు కాయ కళ్ళు చూడండి. కన్నుకీ కన్నుకీ మధ్య గీత వెడల్పై, లేత పసుపు రంగు తేలితే పక్వానికి వచ్చినట్టు. కళ్ళు దగ్గరదగ్గరగా, ముదురు ఆకుపచ్చగా ఉంటే వదిలేయండి. ఇంకో సంగతి, పచ్చి కాయని ఫ్రిజ్‌లో అస్సలు పెట్టొద్దు. చలికి తొక్క నల్లబడుతుంది, కాయ మాగదు. బియ్యం డబ్బాలోనో గడ్డిలోనో పెడితే రెండు మూడు రోజుల్లో మాగుతుంది. పండాక కావాలంటే ఒక పూట ఫ్రిజ్‌లో పెట్టుకోండి.

ఇక చెట్టు సంగతి. సీతమ్మ పేరు పెట్టుకున్నాం కానీ దీని పుట్టిల్లు అమెరికా ఖండంలోని వేడి ప్రాంతాలు. నీళ్ళు తక్కువున్నా, రాళ్ళ నేలలోనైనా బతుకుతుంది. మా మేడ మీద డ్రమ్ములో ఒక అంటు మొక్క ఉంది. దానికి మొదట్లో పూలన్నీ రాలిపోయేవి. కారణం ఏంటంటే, ఈ పువ్వు ముందు ఆడపువ్వుగా ఉంటుంది, తర్వాతే పుప్పొడి విడుస్తుంది. తన పుప్పొడి తనకి పనికిరాదు. తోటల్లో చిన్న చిన్న పురుగులు ఆ పని చేసిపెడతాయి, మేడ మీదకి అవి రావు. అందుకని రెక్కలు బాగా విచ్చిన పువ్వు నుంచి పుప్పొడి చిన్న బ్రష్‌తో తీసి, అప్పుడే కొంచెం తెరుచుకున్న పువ్వు లోపల అద్దాను. ఈ ఏడు పదకొండు కాయలు నిలిచాయి. చలికాలం చివర్లో ఆకు రాల్చినప్పుడు కొమ్మలు కత్తిరించండి, పూత కొత్త చిగుళ్ళ మీదే వస్తుంది.

ఆరోగ్యం మాటకొస్తే, 100 గ్రాముల గుజ్జులో దాదాపు 94 క్యాలరీలు, 4 గ్రాముల పీచు, 36 మిల్లీగ్రాముల విటమిన్ సి ఉంటాయి. పీచు, పొటాషియం బాగానే అందుతాయి. కానీ పిండిపదార్థం 23 గ్రాముల పైనే, అందులో ఎక్కువ చక్కెరే. షుగర్ ఉన్నవాళ్ళు అన్నం తినేసి పైన కాయంతా తినకండి. ఎంత తినొచ్చో మీ డాక్టర్‌ని అడిగి తినండి.

గింజల గురించి మాత్రం గట్టిగా చెప్తున్నాను. పేలు పోతాయని కొందరు గింజలు నూరి తలకి పట్టిస్తారు. దయచేసి ఆ పని చేయొద్దు. ఆ పొడి కంట్లో పడితే నల్లగుడ్డు మీది పొర దెబ్బతింటుంది, భరించలేనంత మంట. పిల్లలకైతే గింజలు తీసేసి గుజ్జు మాత్రమే పెట్టండి.

సీతాఫలం కుటుంబానిదే అయిన లక్ష్మణఫలం (ముళ్ళ తొక్క ఉండే పండు) క్యాన్సర్‌ని తగ్గిస్తుందట కదా అని చాలామంది అడుగుతున్నారు. మనుషుల్లో అలా తగ్గిందని రుజువు లేదు. పైగా కరీబియన్‌లోని గ్వాడెలూప్ దీవిలో ఆ పండు, ఆకుల కషాయం ఎక్కువగా వాడినవాళ్ళలో పార్కిన్సన్స్ లాంటి నరాల జబ్బు కనిపించిందని డాక్టర్లు 1999లోనే రాశారు. వైద్యం మానేసి దాని మీద ఆధారపడొద్దండి.

ఈ బుట్టలో ఇంకా ఆరు బాలానగర్ కాయలున్నాయి. ఇదిగో, ఈ రెండూ తొడిమ దగ్గర వేలికి మెత్తగా తగులుతున్నాయి, ఇవి ఈ రాత్రికే. మిగతా నాలుగూ మళ్ళీ బియ్యంలో పెడుతున్నాను.